తెరమీద మిగిలిన చెయ్యి

ఎర్నెస్ట్ పెన్‌ఫోల్డ్ మంచి ఎడిటర్. మంచి మనిషి అని మాత్రం స్టూడియోలో ఎవరూ అన్న పాపాన పోలేదు. యుద్ధకాలంలో వార్తా చిత్రాలు కోసి కోసి చెయ్యి తిరిగింది. యుద్ధం ముగిశాక, లండన్‌కి పడమట థేమ్స్ ఒడ్డునున్న ఆ స్టూడియోలో పెద్ద సినిమాలన్నీ అతని బల్లమీదికే వచ్చేవి. సినిమాలోంచి కోసేసిన నటుడికి ముందుగా కబురు చెప్పే ఆచారం ఆ వృత్తిలో లేదు. నటుడు కొత్త కోటు తొడుక్కుని, చుట్టాలను వెంటేసుకుని సినిమాకి వెళ్ళి, తాను లేనని అక్కడే తెలుసుకోవాలి. "నేనున్నానా, మిస్టర్ పెన్‌ఫోల్డ్?" అని క్యాంటీన్లో చిన్నా చితకా నటులు టీ, బన్ను పట్టుకుని వెంటపడేవారు. పొద్దున్నే తాను కోసేసినవాడి బన్నే తింటూ "ఉన్నావు, ఉన్నావు" అనగల ఘనుడు ఎర్నెస్ట్.

అతని భార్య మేవిస్ కూడా నటే. సముద్రతీరపు ఊళ్ళ నాటకశాలల్లో ఇరవై ఏళ్ళు అరిగి, సినిమాల్లో ట్రే పట్టుకొచ్చే పనిమనిషిగా తేలింది. నలభై ఆరో ఏట మొదటిసారి ఆమెకు మాటలున్న సీను దొరికింది. అద్దె గదుల ఇల్లు నడిపే విధవ పాత్ర. కథానాయకుడైన డాక్టరు వచ్చి, నీ కొడుకు చచ్చిపోయాడని చెబుతాడు. ఆమె వింటూనే టీ పోస్తుంది, కప్పు నిండి పొర్లినా పోస్తూనే ఉంటుంది, ఆ తర్వాత కొడుకు గురించి నాలుగు మాటలు చెబుతుంది. ఆ నాలుగు మాటలకి లైట్లు పట్టుకునేవాళ్ళు కూడా ముక్కు చీదారు. డాక్టరు వేషం కట్టిన రూపర్ట్ వేన్, పెద్ద హీరో, ఆమె పక్కన వెలవెలబోయాడు.

సినిమా పొడుగైంది. దర్శకుడు టెంపర్లీ ఎడిటింగ్ గదికి వచ్చాడు.

"ఐదు నిమిషాలు తగ్గించాలట, ఎర్నెస్ట్. రూపర్ట్ ఉపన్యాసం కోసెయ్. చాటభారతం అది."

"ఆయన ఊరుకుంటారా? ఆయన చెయ్యబోయే రంగుల సినిమాకి ఎడిటర్ ఎవరన్నది ఆయన చేతిలోనే ఉందట కదండీ."

"మరేం తీస్తావ్?"

"ఆ టీ సీను."

"అది మీ ఆవిడదయ్యా! సినిమా మొత్తానికి అదొక్కటే బావుంది. ఉండనీ."

"ఈ గదిలో నాకింకా పెళ్ళి కాలేదండీ."

సాయంత్రానికల్లా ఆ మాట క్యాంటీన్ దాకా పాకింది. అందరూ నవ్వారు. ఎర్నెస్ట్ మురిసిపోయాడు.

అతని పనితనాన్ని మాత్రం కాదనడానికి లేదు. మేవిస్ ముఖం, మాటలు తీసేసి, టీ పోసే చేతిని, పొర్లే కప్పుని ఉంచాడు. అక్కడినుంచి నేరుగా రూపర్ట్ కళ్ళకి అతికించాడు. దాంతో ఆ మొద్దు కళ్ళలో ఎక్కడలేని దుఃఖం కనబడింది. పెళ్ళాం ఏడుపు తీసి హీరో ముఖానికి పూశాడు దుర్మార్గుడు. ఇంటికెళ్ళి ఆమె చేసిన మాంసపు రొట్టె తిన్నాడు. సీను ఎలా వచ్చిందని అడిగితే, "చూస్తావుగా" అన్నాడు.

మేవిస్ కొత్త టోపీ కొనుక్కుని, పక్కింటి మిసెస్ క్లెగ్‌ని కూడా వెంటబెట్టుకుని సినిమాకి వెళ్ళింది. ఎర్నెస్ట్ మరోపక్క కూర్చున్నాడు.

"ఇప్పుడే తెరమీదికి వస్తా, చూస్తూ ఉండు," అని మేవిస్ పక్కింటావిడ మోచెయ్యి పట్టుకుంది. కప్పు నిండింది, పొర్లింది. రూపర్ట్ ముఖం వచ్చింది. ఆ తర్వాత రైల్వే స్టేషన్ వచ్చింది.

"అది నా చెయ్యే," అంది మేవిస్.

"ఏదీ?"

"టీ పోసింది చూడు, అది."

"ఓ! చెయ్యి బావుందమ్మా," అంది మిసెస్ క్లెగ్, ఏమనాలో తోచక.

"పోసింది చాల్లే తల్లీ, మమ్మల్ని చూడనివ్వు!" అని వెనకనుంచి ఎవరో కసిరారు. హాలంతా జేబురుమాళ్ళు బయటికొచ్చాయి. తాను అనుకున్నచోటే వచ్చాయని ఎర్నెస్ట్‌కి తృప్తి కలిగింది.

ఇంటికొచ్చాక కూడా మేవిస్ టోపీ తియ్యలేదు.

"అంత చెడ్డగా చేశానా?"

నిజం చెబితే, ఎందుకు తీశావని అడుగుతుంది. అబద్ధమైతే అక్కడితో సరి, అనుకున్నాడు ఎర్నెస్ట్.

"చెడ్డగా చేశావు, మేవిస్. నలుగురూ నవ్వుతారని తీసేశాను."

ఆమె టోపీ తీసి బల్లమీద పెట్టింది.

"ఒక్కసారి చూపించవూ? తప్పెక్కడో తెలుసుకుంటాను."

"ఇంకెక్కడిది? పనికిరాని రీళ్ళని, ఫిల్ములో ఉండే వెండి కోసం కరిగించేస్తారు. అదీ పోయింది."

"పోనీలే," అని ఆమె అతని చెయ్యి పట్టుకుంది. "ఇన్నేళ్ళూ అందరూ బావుంది బావుంది అని నన్ను మోసం చేశారు. నువ్వొక్కడివే నిజం చెప్పావు. రేపే ఏజెంటుకి నటన మానేస్తానని చెప్పేస్తాను."

వద్దనడానికి ఒక్క మాట చాలు. ఎర్నెస్ట్ చెయ్యి విడిపించుకుని దీపం ఆర్పాడు.

మర్నాడు అందరికంటే ముందే స్టూడియోకి వెళ్ళాడు. ఆ సీను అరమీదే, డబ్బాలో భద్రంగా ఉంది. మిషన్‌కెక్కించి ఒకసారి మొత్తం చూశాడు. ఎక్కడా తప్పు లేదు. ఎర్నెస్ట్ కళ్ళజోడు తుడుచుకుని, రీలు విప్పి, చెత్త ఫిల్మ్ గోతంలో కూరాడు. వెండివాడు వచ్చి గోతం భుజానికెత్తుకున్నాడు.

"ఏంటి గురూ, పనికొచ్చేదేమన్నా పొరపాట్న వేశావా?"

"అబ్బే, ఏం లేదు. తీసుకుపో."