షువైఖ్ హమామ్‌లో వీపు రుద్దినోడు

నవ్వుకుంటే నవ్వుకోండి... నేను మాత్రం ఒక్క ముక్క గూడా కలిపి చెప్పడంల్యా. ఇది నాకి జరిగిందే.

నేను ఈ అరబ్బు దేశంలో, జాబ్రియాలో ఒకరింట్లో డ్రైవర్ని గదా. పోయిన చలికాలం, మా కఫీల్, అదే వీసా ఇచ్చిన యజమాని, ఆయన భార్య... మామా అంటాం గదా, ఆమె కారు షువైఖ్ గ్యారేజీకి తీస్కపోయినా. పొద్దుగూకింది. ఇంకా మూడు గంటలు పడతాదన్న్యాడు మెకానిక్. నేను చలికి వణకడం చూసి, ఎనక సందులో హమామ్ ఉండాది, ఉడుకునీళ్ళు పోసుకోని రాపో అన్న్యాడు.

వాకిట్లో ఇరానీ ముసలాయన తువ్వాలిచ్చినాడు. లోపల ఒకటే గది. నిండా ఆవిరి... చాపిన చెయ్యి కనపడదు. తలుపు బరువు. తెరిస్తే కిర్రుమని నేలకు రాసుకుంటాది.

గట్టు మింద కూర్చోని చెంబుతో నీళ్ళు పోసుకున్న్యా. అబ్బా... అన్న్యా.

"మనోళ్ళేనా అన్నా?"

మూల నుంచి. మన తెలుగే. ప్రాణం లేచొచ్చింది నాకి. రాయచోటి పక్క అన్న్యా. తనదీ ఆ పక్కే అన్న్యాడు. వానలు పడినాయా, సెనక్కాయ ఎట్లుందని అడిగినాడు. మొగం కనపడలే... మాట మాత్రం దగ్గిరికొస్తాంది.

రోంత వీపు రుద్దమన్న్యాడు. రుద్దినా. అంత ఉడుకులో... ఆ వీపు సల్లగా ఉండాది. బావినీళ్ళ మాదిరి. భయమేసింది. అయినా ఎందుకో చెయ్యి తియ్యబుద్ధి కాలే.

తర్వాత నన్ను తిరగమన్న్యాడు. పీచుతో మెల్లగా రుద్దుతాండాడు... సర్... సర్...

"మనిషి చెయ్యి తగిలి ఎన్నాళ్ళయింది నీకి?"

నాలుగేండ్లు అన్న్యా. మరి నీకి? అని అడిగినా.

"నాకి గుర్తులేదు."

చెయ్యి ఆగింది.

నీళ్ళు బొట్టు... బొట్టు... పడే చప్పుడు. తిరిగి చూసినా. ఎవరూ లేరు. గోడెంబడి తడుముకుంటా మూలమూలా తిరిగినా. గట్టు మింద పీచు ఒకటే ఉండాది. తలుపు కిర్రుమనలే... నాకి బాగా తెలుసు, కిర్రుమనలే.

తువ్వాలతోనే బయటికి ఉరికినా. ముసలాయన్ను హిందీలో అడిగినా. చీకటి పడినాక నువ్వొక్కడివే వచ్చినావు అన్న్యాడు. నా వీపు చూసి, ఇంత ఎర్రగా ఎవరు రుద్దినారని నన్నే అడిగినాడు.

ఆవిరికి తల తిరిగుంటాదిలే అన్న్యాడు మెకానిక్. అయ్యుండొచ్చు. ముసలాయన కునుకు తీసినప్పుడు ఎవరన్నా వచ్చి పోయుండొచ్చు. తెలీదు.

ఆ సందులోకి మళ్ళ పోవాలంటే భయం. పోకుండా ఉండాలంటే... ఒక చోట కుదురుగా కూర్చోలేను. అంతసేపు మాట్లాడుకుంటిమి గదా. ఊరు చెప్పినా, వాన సంగతి చెప్పినా...

ఆయప్ప పేరు మాత్రం అడగలే.