ఫోన్‌లో చదివిన ఫైలు పేరు

మాది చల్లపల్లి దగ్గర చేనేత ఇల్లు. మా ఇంట్లో ఒక మగ్గం ఎత్తేస్తే అచ్చు నుంచి కండెల దాకా దాని సామానంతా దాంతోనే పంపేస్తాం. చీర అంచులు గీసే కంప్యూటర్‌లోనూ నేను అదే పని చేశాను. వాడని పాత ప్రోగ్రాం ఒకటి తీసేస్తుంటే కంప్యూటర్ ఇంగ్లిషులో ఏదో అడిగింది. చదవకుండానే సరే అన్నాను. బద్ధకం నాదే.

మర్నాడు అంచుల ప్రోగ్రాం తెరుచుకోలేదు. ఏదో ఫైలు లేదట. సాయంత్రంలోగా పెళ్లి చీర నమూనా పంపకపోతే ఆ పని ఇంకొకరికి పోతుంది. హనుమాన్ జంక్షన్‌లో కంప్యూటర్లు బాగుచేసే ఆవిడకు ఫోన్ చేసి, నిన్న పాత ప్రోగ్రాం తీసేసిన సంగతీ చెప్పాను.

"ఏ ఫైలు లేదంటోందండీ? పేరు చదవండి."

నేను యాభై దాటాక అక్షరాలు నేర్చుకున్నదాన్ని. ఇంగ్లిషైతే ఇంకా తడుముకుంటాను.

"ఆలస్యమవుద్దమ్మాయ్, విసుక్కోకు."

"చదవండి మామ్మగారూ, నా టీ ఇప్పుడే వచ్చింది."

ఒక్కో అక్షరం చెప్పాను. రెండుసార్లు తప్పాను. రెండుసార్లూ మళ్లీ మొదటినుంచి చదివించింది.

"అది రెండు ప్రోగ్రాములూ కలిసి వాడుకునే ఫైలండీ. పాతదాంతో పాటు మీరే దాన్నీ సాగనంపారు."

"నెట్‌లో ఎక్కడో వెతికి తెచ్చుకోనా?"

"రోడ్డు మీద దొరికింది వంటింట్లో పెట్టుకుంటారా? తయారుచేసినవాళ్ల సైటు నుంచే దించుకోవాలి. చెప్తా, రాసుకోండి."

రాసుకుని అలాగే చేశాను. ప్రోగ్రాం తెరుచుకుంది, నమూనా వేళకు వెళ్లింది.

నా చదువు చూసి నవ్వినవాళ్లున్నారు. కాగితం లాక్కుని తామే చదివేసినవాళ్లు ఇంకా ఎక్కువ. ఆవిడ మాత్రం నా చేతే చదివించింది. ఆ మేలు నేను మరిచిపోను.