ఎవరింటి టీవీనీ వదలని మనిషి

మా ఆయన ఎక్‌హార్ట్ నలభై ఏళ్లకు పైగా కెమెరా పట్టుకుని బతికాడు. ఆయనతో ఎవరింటికైనా వెళ్లాలంటే నాకు తల కొట్టేసినట్టుండేది. కోటు విప్పకముందే రిమోట్ అందుకునేవాడు. "ఇంత వెలుతురేంటండీ, మొహాలు ఉడకబెట్టినట్టున్నాయి" అంటూ వాళ్ల టీవీ రంగులు సరిచేసేవాడు. మా అన్నయ్య అంత్యక్రియలయ్యాక అందరం కాఫీ, కేకు ముందు కూర్చుంటే, ఈయన టీవీ ముందు మోకాళ్ల మీదున్నాడు.

"అన్నయ్యా, మనిషి పోయి వారం కాలేదు, ఇప్పుడెందుకు అది?" అంది మా వదిన.

"అయిపోయింది చెల్లెమ్మా, కొంచెం ఎరుపు తగ్గిస్తున్నా, అంతే."

నేలలోకి కుంగిపోతే బాగుండుననిపించింది నాకు.

పంతొమ్మిదో ఏట కొలోన్ నగరంలో ఫిల్ము డబ్బాలు మోస్తూ మొదలుపెట్టాడు. ముప్ఫై రెండో ఏట హాల్లో ఆడే సినిమా ఒకే ఒక్కదానికి పనిచేశాడు, నలుపు తెలుపుది. పదకొండు రోజులాడింది. ఆ తర్వాత అంతా టీవీయే. తొమ్మిదేళ్లు ఆస్పత్రి సీరియల్, ఆ పైన ఆదివారం వచ్చే హత్యల సినిమాలు. చానెల్ వాళ్లకి చీకటంటే భయం. జనం ఫోన్లు చేసి తిడతారని, ఈయన నీడలో పెట్టిన ప్రతిదాన్నీ ప్రసారానికి ముందు వెలుతురు పెంచేసేవాళ్లు. పిలవకపోయినా వెళ్లి వాళ్లతో పోట్లాడి, ఓడిపోయి, ఇంటికొచ్చి నా మీద అరిచేవాడు. నేనేమో పళ్ల డాక్టరు దగ్గర పనిచేస్తూ పొద్దంతా జనం అరుపులు విని వచ్చేదాన్ని.

"నీ సినిమాల్లో హంతకుణ్ణి పోలీసులెలా పట్టుకుంటారో గానీ, నాకైతే కనపడనే కనపడడు" అని నేనూ అంటించేదాన్ని.

కిందటేడు చివరి సినిమా చేశాడు. కొడుకే హంతకుడని తెలిసిన తల్లి వంటింట్లో ఫ్రిజ్ తలుపు తెరిచి, దేనికి తెరిచిందో మర్చిపోయి నిలబడిపోతుంది. ఆ ఫ్రిజ్ వెలుతురు తప్ప ఈయన ఇంకో దీపం పెట్టలేదు. "రోస్విటా, నాకీ ఒక్క సీను మిగిలితే చాలు" అన్నాడు నాతో. ఎన్నడూ అలా అడిగిన మనిషి కాదు. దాని జోలికి వెళ్లబోమని చానెల్ అధికారిణి మాటిచ్చింది.

ప్రసారానికి రెండ్రోజుల ముందు, ఆయన రొట్టెలకి వెళ్లినప్పుడు ఆవిడ ఫోన్ చేసింది. "పైవాళ్లు ఒప్పుకోలేదండీ. ఆ సీను కూడా వెలుతురు పెంచేశాం. ఆయనకి మీరే కాస్త నచ్చజెప్పండి."

నేనెందుకు నచ్చజెప్పాలి? మాటిచ్చింది నేనా? ఒళ్లు మండిపోయింది. ఆయనకి చెప్పలేదు. ఆదివారం ఆయన స్నానానికి వెళ్లగానే మా టీవీ వెలుతురు బాగా తగ్గించేశాను.

సినిమా మొదలైంది. మిట్టమధ్యాహ్నం పొలం కూడా మసగ్గానే ఉంది. ఆయన ఒక్క మాటా అనలేదు. ఫ్రిజ్ సీనొచ్చింది. తల్లి మొహం సగం చీకట్లో ఉండిపోయింది. ఆయన నా చెయ్యి పట్టుకుని, సినిమా అయ్యేదాకా వదల్లేదు. నాకు ఏడుపొచ్చింది.

మర్నాడు మెట్ల మీద మా ఇద్దరికీ పక్కింటావిడ పోల్మన్ గారు ఎదురుపడ్డారు.

"కెమెరామన్ గారూ, ఇన్నేళ్లకి మీ సినిమా కళ్లారా చూశానండీ! ఆ ఫ్రిజ్‌లో వెన్న డబ్బా మీద పేరు కూడా చదివేశాను!"

ఆయన "సంతోషమండీ" అని ఇంట్లోకి నడిచాడు.

తలుపు వేయగానే నేను రిమోట్ తీశాను. "తప్పయిపోయింది. ముందున్నట్టే పెట్టేస్తా."

"ఉండనీ. పొలం దగ్గరే తెలిసింది నాకు."

"మరి అప్పుడే నోరు విప్పలేదేం?"

"విప్పితే నువ్వు మార్చేస్తావు కదా."

ఇది జరిగి ఏడాదైంది. ఊళ్లో వాళ్లందరి టీవీలూ సరిచేసిన మనిషి మా టీవీని మాత్రం ముట్టుకోడు, నన్నూ ముట్టుకోనివ్వడు. రేపు ఎండ కాస్తుందో వాన పడుతుందో వాతావరణ వార్తల్లో నాకు కనపడి చావడం లేదు.