రోడ్డు మీద వడ్ల చార

మిర్యాలగూడ మిల్లుకు వడ్లు తీసుకుపోతున్న రోజున దేవుడు మా తమ్ముణ్ణి కాపాడాడు. అందుకు రోజూ దండం పెట్టుకుంటాను. ఆ రోజు గుమిగూడిన జనాన్ని మాత్రం ఇప్పటికీ మరిచిపోలేదు.

కోదాడ దాటాక ట్రాలీలో వడ్ల మీద కప్పిన పట్టా జారింది. తమ్ముడు ట్రాక్టర్‌ను రోడ్డు పక్కన ఆపి సీట్లోనే కూర్చున్నాడు. నేను దిగి తాడు బిగించి, చెట్టు నీడకు వచ్చాను. అంతలో వెనక నుంచి ఒక కారు వచ్చి ట్రాలీని గుద్ది, దాని కిందికి దూరి ఇరుక్కుపోయింది. రెండూ ఒక్కటై, కొంత దూరం ముందుకు జరిగి ఆగాయి. ట్రాలీ వెనక తలుపు విరిగి, గుద్దిన చోటి నుంచి ఆగిన చోటి దాకా వడ్లు చారగా పడ్డాయి.

ఎవరికీ దెబ్బ తగల్లేదు. కారాయన దిగీ దిగగానే తమ్ముడి కాలర్ పట్టుకున్నాడు.

"ఆగిన కారు మీదికి రివర్స్ కొట్టినవ్ గదరా."

అప్పటికే గుమిగూడిన జనంలో, గుద్దడం చూడనివాళ్లు కూడా తలలూపారు. మా వైపు అదొక అలవాటు, ఏది గుద్దినా పెద్ద బండిదే తప్పు. లైసెన్స్ పోతే తమ్ముడికి బతుకుతెరువు లేదు.

నన్ను బడికి పంపకపోయినా, మా నాన్న ఇంటి అరుగు మీదే చదువు చెప్పాడు. తడిమట్టి ముద్దలు రెండు దూలానికి వేలాడదీసి, ఒకదాన్ని లాగి వదిలేవాడు. అది వచ్చి కదలని ముద్దకు అతుక్కునేది. రెండూ కలిసి, అది వస్తున్న దిక్కుకే నెమ్మదిగా కదిలేవి.

"వేగం తగ్గింది గాని ఊపు ఎటూ పోలే బిడ్డా. రెండూ పంచుకున్నయ్," అనేవాడు.

ట్రాలీయే వెనక్కి వచ్చి గుద్దితే రెండూ కోదాడ వైపు జరగాలి. వడ్లు ట్రాక్టర్ ముందు పడాలి. చార కారు వెనక ఉంది.

ఆ సాక్ష్యాన్నే జనం ఎత్తుకుంటున్నారు. తువ్వాళ్లలోకి, హెల్మెట్లలోకి, కొంగుల్లోకి. ఒకడు చెప్పుకాలితో వడ్లు కుప్పకు నెడుతూనే ఫోన్లో వీడియో తీస్తున్నాడు. పోలీసులు చూసేదాకా ఆగమని బతిమాలాను. కొంగు నింపుకుంటున్న ఒకావిడ నవ్వింది.

"పందికొక్కులు తినేకంటె మేం తింటె నీకు పుణ్యం రాదా సెల్లె?"

ఇక చేసేది లేక, చార మొదట్లో మిగిలిన గుప్పెడు గింజల మీద చీర కప్పి కూర్చున్నాను. తువ్వాలు నిండిన పెద్దాయన ఒకడు నిలబడి నీతి చెప్పాడు.

"లచ్చిమి మీద కూసుంటవా? పాపం తగులతది."

ఎస్సై వచ్చాకే లేచాను. ఆయన గింజల్ని చూశాడు, కారును చూశాడు.

"నువ్వు ఆగే ఉంటె, వడ్లు నీ ఎనక ఇంత దూరం ఎట్ల పడ్డయ్?"

తమ్ముణ్ణి వదిలేసి, కారాయన లైసెన్స్ తీసుకున్నాడు.

ఆ గుప్పెడు వడ్లు కళ్లకద్దుకుని కొంగున కట్టుకున్నాను. వాటి మీద కూర్చున్నందుకు క్షమించమని అమ్మవారిని అడిగాను. తువ్వాలు పెద్దాయన కోసం మాత్రం ఏమీ అడగలేదు.