పోయినవాళ్ళకి నిమ్మసోడా

లామారా జార్జియా రాజధాని త్బిలిసిలో ఒక సర్కారు స్టూడియోలో ఎడిటరుగా చేరిన కొత్తలోనే, ఒక మీసాల నాయకుణ్ణి పాత సినిమాలన్నిట్లోంచీ కత్తిరించమన్నారు. నిన్నటిదాకా దండాలు పెట్టించుకున్నవాణ్ణే. కత్తిరించింది. తర్వాత చర్చి గంటలన్నారు, కత్తిరించింది. దేశం వదిలిపోయిన నటుడన్నారు, వాణ్ణీ కత్తిరించింది. చేతులకి తెల్ల గ్లౌజులు, నోటికి తాళం. జుట్టు నెరిసేదాకా ఇదే ఉద్యోగం.

ఈసారి పైనుంచి ఏలే మాస్కోవాళ్ళకి వైను మీద కోపం వచ్చింది. తెర మీద ఎవడూ తాగకూడదట. వైను లేనిదే విందు లేని జార్జియాలో ఆ మాట అనడానికి వాళ్ళకి నోరెలా వచ్చిందో!

డైరెక్టరు ఒతియా తీసిన కొత్త సినిమాలో సెసే అనే ముసలి రైతు ఉన్నాడు. నటుడు కాదు. విందులో లేచి, యుద్ధానికెళ్ళి తిరిగిరాని తన కొడుకులిద్దరి పేర్లూ చెప్పి, రొట్టెముక్క మీద వైను చుక్కలు ఒలికించి, వైను పోసిన ఎద్దుకొమ్మెత్తి తాగుతాడు. సినిమా పూర్తికాకముందే ఆయనా పోయాడు.

"ఆ కొమ్ము తీసెయ్యండి. నిమ్మసోడా గ్లాసు క్లోజప్పు తీయించాను, అక్కడ అతికించండి," అన్నాడు స్టూడియో పెద్ద వలేరియాన్.

"మన దగ్గర సోడా ఎత్తేది శత్రువు పేరు చెప్పి," అంది లామారా. " పోయినవాళ్ళకి మీ ఇంట్లో సోడా ఎత్తుతారా?"

"అతికించకపోతే సినిమా అటకెక్కుతుంది. ఒతియా కష్టమంతా బూడిదే. మీ ఇష్టం, లామారా గారూ."

పక్కనే ఉన్న ఒతియా తల దించుకున్నాడు. లామారా ఒళ్ళు మండిపోతూనే అతికించింది.

సినిమా మొదట ద్రాక్షతోటల సీమ కఖేతిలో, సెసే ఊళ్ళోనే ఆడించారు. కొడుకుల పేర్లు వినిపించాయి, వెంటనే తెర నిండా బుడగల సోడా. ఆట అయ్యాక సెసే భార్య, స్టూడియో తరఫున వెళ్ళిన లామారా దగ్గరికొచ్చింది.

"మా ఆయన ఇలా చెయ్యలేదమ్మా. నేనక్కడే ఉన్నా. నా పిల్లల్ని ఎందుకమ్మా ఎగతాళి చేశారు?"

లామారా తిరుగు దారంతా వలేరియాన్‌ని తిట్టింది, ఒతియాని తిట్టింది, అందరికంటే ఎక్కువగా తన చేతుల్ని తిట్టుకుంది.

కొత్త సంవత్సరం విందు స్టూడియోలోనే జరిగింది. తలుపులు మూశారు, టీ కెటిళ్ళ నిండా వైను పోశారు. ఒక్కొక్కరి పేరూ చెప్పి అందరిచేతా గ్లాసులెత్తించే బల్లపెద్ద ఎవరయ్యా అంటే, వలేరియానే. పోయినవాళ్ళని తలుచుకునే వంతు వచ్చేసరికి అందరూ లేచారు. ఆ మధ్యే తల్లి పోయింది ఆయనకి. కళ్ళలో నీళ్ళు నిజమైనవే. వైను గ్లాసు కోసం చెయ్యి చాపితే, లామారా దాన్ని పక్కకి జరిపి, నిమ్మసోడా గ్లాసు ఆయన చేతిలో పెట్టింది.

"కానివ్వండి. అమ్మగారి పేరు చెప్పండి."

వలేరియాన్ నోరు తెరిచాడు, పేరు పలకలేకపోయాడు.

"మా అమ్మ, లామారా గారూ..." అన్నాడు చివరికి.

"సెసే పిల్లలకీ అమ్మ ఉంది," అంది లామారా కోటు తీసుకుంటూ. "మీ సోడా చూసింది."