అసెంబ్లీలో బాపు సెల్యూట్

మాది ఇబ్రహీంపట్నం. మా బాపు ఇరవై ఏళ్లు సైన్యంలో పనిచేసి వచ్చి, సర్పంచిగా గెలిచి, తర్వాత ఎమ్మెల్యే అయ్యారు. అప్పుడు నేను డిగ్రీ చదువుతున్నాను. ఆయన అసెంబ్లీలో మొదటిసారి మాట్లాడే రోజు అమ్మా నేనూ సందర్శకుల గ్యాలరీలో కూర్చున్నాం.

స్పీకర్ పేరు పిలవగానే బాపు లేచి, మడమలు కలిపి సెల్యూట్ కొట్టారు. సభంతా నవ్వింది. "ఇది పరేడ్ కాదన్నా" అని ఎవరో అరిచారు. నేను సిగ్గుతో తల దించుకున్నాను.

బాపు కంగారుపడలేదు. "అలవాటు పోలేదు అధ్యక్షా, జర మాఫ్ చెయ్యాలె. మొన్న తుర్కయాంజాల్ కాడ కిక్కిరిసిన బస్సులకెల్లి మా కాలేజీ పిల్ల జారి పడ్డది. చెయ్యి విరిగి దవాఖానల ఉన్నది. పొద్దుగాల మా పిల్లలకు ఇంకో బస్సు గావాలె. ఎప్పుడిస్తరో చెప్పేదాంక నేను కూసోను" అన్నారు.

నవ్వులు ఆగిపోయాయి. బాపు అలాగే నిలబడ్డారు. చివరికి మంత్రి లేచి, సోమవారం నుంచి బస్సు వేస్తామని చెప్పారు. సభ్యులు బల్లలు చరిచారు.

"ఎవరు బిడ్డా ఈయన?" అని పక్కనున్న పెద్దావిడ అడిగింది.

"మా బాపు" అన్నాను. ఎంత గట్టిగా అన్నానో, నిశ్శబ్దంగా ఉండమని మార్షల్ వచ్చి చెప్పాల్సి వచ్చింది.

అన్నట్టే సోమవారం బస్సు వచ్చింది. అందులో కాలేజీకి వెళ్తుంటే, ఆ కాసేపైనా తల దించుకున్నందుకు నా మీద నాకే కోపం వచ్చింది.