పులి కాళ్ళ మీద చెంబెడు నీళ్ళు

నేను సినిమా నిర్మాతనంటే మా బరంపురంలో జనం నా చెప్పుల వైపు చూసి నవ్వేవారు. తొలి సినిమాకు కథ, మాటలు, నిర్మాణం అన్నీ నావే. వంట అమ్మది. తల్లి వేషం కూడా ఆమెదే. పిండి కొద్దీ రొట్టె.

సూరత్ మిల్లులో పనికి వెళ్ళిన కొడుకు ఏళ్ళ తర్వాత ఇంటికొస్తాడు. గుమ్మంలో తల్లి మాట్లాడాలి. ఆ సన్నివేశానికి పేజీ నిండా మాటలు రాశాను. అమ్మ చదువుకున్నది ఒడియా బడిలో కాబట్టి, మన తెలుగునే ఒడియా అక్షరాల్లో రాసిచ్చాను. పప్పు కడుగుతూ వల్లె వేసేది. కెమెరా ముందు మాత్రం కొయ్యబారిపోయేది.

"పొద్దుట్నించీ వొచ్చిందిరా. ఇప్పుడెటెల్లిపోయిందో," అనేది.

రెండేళ్ళకోసారి ఊరి అమ్మవారికి జరిగే ఠాకురాణి యాత్ర రోజుల్లోనే షూటింగ్ పెట్టాను. వీధి నిండా తోరణాలు, జనం, అన్నీ ఊరికే వస్తాయని నా తెలివి. మొక్కుకున్నవాళ్ళు ఆ యాత్రలో వేషాలు కడతారని బుద్ధెరిగినప్పటి నుంచీ చూస్తున్నవాణ్ణే. కొడుకు వేషం వేస్తున్న నా స్నేహితుడికీ మొక్కు ఉండొచ్చని మాత్రం తట్టలేదు. పక్కనున్న చికిటిలో బడిపంతులుగా పనిచేసే ఆ హీరో ఒళ్ళంతా పసుపు రంగు, నల్ల చారలతో, తోకతో సహా పులై దిగాడు.

"మొక్కు తీరేదాకా రంగు కడగకూడదురా. మాయమ్మ సంపేత్తాది," అన్నాడు.

అద్దె కెమెరా సాయంత్రానికి వెళ్ళిపోవాలి. నేను తిట్టినవి ఇక్కడ రాయలేను. చివరికి, కొడుకు యాత్రకే వచ్చాడనుకుందాం, పులిగానే గుమ్మమెక్కమన్నాను.

అమ్మ ఒక్క క్షణం చూసింది. లోపలికెళ్ళి చెంబుతో నీళ్ళు తెచ్చి, రోడ్డు మీద కాలిన ఆ పాదాల మీద పోసింది.

"ఎండలొచ్చినావు. ఏటైనా తిన్నావేటి బాబూ?"

పేజీలో లేని మాట. కెమెరా తిరుగుతూనే ఉంది. ఆ మాటే ఉంచి, నా పేజీ తీసేశాను.

తొలి ఆట చూసి వస్తూ ఆటోలో అమ్మ అడిగింది. "నువ్వు రాసిందేదిరా? నాను అప్పసెప్పలేదనే తీసేసినావా?"

సౌండు సరిగా రాలేదన్నాను. సిగ్గులేని అబద్ధం. తర్వాత ఎన్ని సినిమాలు తీసినా, ఆ ఒక్క మాటకే నన్ను రచయితన్నారు. నేనూ బుద్ధిగా శాలువాలు కప్పించుకున్నాను.

మొన్న యాత్రలో వీధిలో పులివేషం డప్పులు మోగుతుంటే, కుర్చీలో కూర్చున్న అమ్మ ఆ పేజీ మొత్తం తడబడకుండా చెప్పేసింది.

"ఇప్పుడొచ్చింది. మల్లీ తీస్తావేటిరా?"

ఇన్నేళ్ళూ దాచుకున్నది ఇక దాచలేకపోయాను. అందరూ మెచ్చుకున్న మాట నీదేనమ్మా, రాసింది నువ్వే, పేరు మాత్రం నేను వేసుకున్నాను, అని చెప్పేశాను.

అమ్మ నన్ను వింతగా చూసింది.

"అందులో రాయడమేటిరా? ఎండలొచ్చినాడు. అడిగినాను."